పేరు అడగని మధ్యాహ్నం

శనివారం పొద్దున ఇక్కడ ఐర్లండ్‌లోని నేవన్ ఊళ్ళో మా అమ్మాయి ఫుట్‌బాల్ ఆడుతుంటే మైదానం గీత పక్కన నిలబడ్డాను. ఎవరో ఒక పిల్ల మోకాలికి నొప్పి మందు రాస్తున్నారు. ఆ ఘాటు ముక్కుకు తగిలింది. నాకది డూగల్ గారి వాసన. ఉద్యోగం పోతుందని నేను వణికిపోయిన మధ్యాహ్నం వాసన కూడా.

నేను ఇక్కడి ఒక వృద్ధాశ్రమంలో నర్సును. ఆయన అక్కడుండే స్కాట్లాండ్ ముసలాయన. రోజూ మోకాళ్ళకు ఆ మందు రాయించుకునేవారు. ఒకప్పుడు గ్లాస్గోలో పేరుమోసిన వింగర్, అంటే మైదానం అంచు వెంబడి బంతితో దూసుకుపోయే ఆటగాడు. ఒక జట్టులో ఉన్నప్పుడు దేవుడన్నారు. దాని బద్ధశత్రువైన జట్టులోకి మారగానే అదే జనం సీసాలు విసిరారు. అంతకంటే పెద్ద మచ్చ ఇంకొకటుంది. ఓ సెమీఫైనల్‌లో ఎవరూ తాకకుండానే కావాలని కింద పడ్డారు. పెనాల్టీ ఇచ్చారు, అవతలి జట్టు కుర్రాణ్ణి బయటికి పంపేశారు. తనను అతను తాకలేదని ఆయన ఏనాడూ ఒప్పుకోలేదు. ఏ స్టేడియానికి వెళ్ళినా ఆయన పేరు పెట్టి బూతులు పాడేవారట. చివరికి ఐర్లండ్ వచ్చి, ఓ చిన్న క్లబ్బులో రెండేళ్ళు ఆడి, ఇక్కడే ఉండిపోయారు. ముసలితనంలోనూ గోడకు వీపు ఆనించి, తలుపుకేసి చూస్తూ కూర్చునేవారు.

"నన్ను పేరు పెట్టి పిలవకు," అన్నారు మొదటిరోజే. నాకూ హాయిగానే అనిపించింది. పెద్దవాళ్ళను పేరుతో పిలిచి ఎరగని గుంటూరు పిల్లను. అక్కడి మగవాళ్ళంతా నాకు అంకుల్సే. మాత్ర ఇచ్చేముందు వాళ్ళచేత పేరు చెప్పించాలని నియమం ఉంది. రోజూ చూసే పెద్దమనిషిని పట్టుకుని పేరేమిటని ఎలా అడగను? మానేశాను. నా తెలివి తెల్లారినట్టే ఉంది!

ఆ రోజు గోడకు రంగులేస్తున్నారని కుర్చీలు జరిపారు. కిటికీ దగ్గర మరొకాయన కూర్చునే కుర్చీలో డూగల్ గారు అటు తిరిగి కూర్చున్నారు. టోపీ, దుప్పటి. వెనకనుంచి చూస్తే అందరూ ఒకేలా ఉంటారు. "అంకుల్, మాత్రలు," అన్నాను. చేయి చాచి తీసుకుని మింగేశారు. అప్పుడు ముఖం ఇటు తిప్పారు. నా పై ప్రాణాలు పైనే పోయాయి. అవి ఆ కుర్చీ ఆయన బీపీ మాత్రలు.

బాత్‌రూములో దూరి మా ఆయనకు ఫోన్ చేశాను.

"ఎవరన్నా చూశారా?"

"లేదు."

"మరైతే నోరు మూసుకో. వర్క్ పర్మిట్ పోతే పాపనేసుకుని ఎక్కడికెళ్తాం?"

తిరిగొచ్చి డూగల్ గారి నాడి పట్టుకున్నాను.

"తల తిరుగుతోంది అమ్మాయీ. అవి నావి కావు కదూ?"

"కావు అంకుల్. నాకు చాలా భయంగా ఉంది."

"ఎవరూ చూడలేదుగా. ఆ సెమీఫైనల్ రోజు రిఫరీ కూడా చూడలేదు. నా అదృష్టం అనుకున్నాను." తలుపుకేసి చూశారు. "ఆ కుర్రాడు ఏదో ఒకరోజు ఆ తలుపు తోసుకుని వస్తాడని నాకిప్పటికీ భయమే. వెళ్ళి చెప్పు. నేను పోయేలోపు చెప్పు."

మేనేజరు గది ఇరవై అడుగులే. నడిచాను. చెప్పేశాను. డాక్టరు వచ్చారు. పావుగంటకోసారి బీపీ చూస్తూ, అంకె పడిపోయినప్పుడల్లా ప్రభువా, ప్రభువా అనుకుంటూ కూర్చున్నాను. చీకటి పడేలోపు ఆయన తేరుకున్నారు. నాకు రాతపూర్వకంగా హెచ్చరిక ఇచ్చి, మళ్ళీ శిక్షణకు పంపారు. ఉద్యోగం మిగిలింది. మా ఆయనతో మాత్రం రెండు రోజులు మాట్లాడలేదు.

మర్నాడు మాత్రలతో ఆయన ముందు నిలబడ్డాను. "మీ పేరు చెప్పండి." ఆయన తలుపుకేసి చూశారు. తర్వాత ఇంటిపేరుతో సహా, హాలంతా వినపడేలా చెప్పారు. ఒక్కరూ తల తిప్పలేదు, అందరూ టీవీ చూస్తున్నారు. ఆయన కళ్ళలో నీళ్ళు తిరిగాయి.

ఆ తర్వాత రోజూ అడిగాను, రోజూ చెప్పారు. పోయిన చలికాలం, ఆయన ఆఖరిరోజు పొద్దున మాత్రం పెదవులు కదిలాయి గానీ మాట రాలేదు. నేనే ఆయన పేరు మొత్తం పలికాను, అంకుల్ అనకుండా. ఆయన చూపు తలుపు మీదికి పోయింది. ఎవరూ రాలేదు. నా చేయి వదల్లేదాయన.

ఇప్పటికీ ప్రతి మంచం దగ్గరా పేరు అడుగుతాను. జవాబు వచ్చేదాకా మాత్రలున్న చేయి వణుకుతూనే ఉంటుంది. ఆ వణుకు పోవాలని నేను ప్రార్థించను.