సగం దించిన లారీ

చిత్తూరు దగ్గర ఒక బెల్లం యార్డు ఆఫీసులో నేను కంప్యూటర్ ఆపరేటర్‌గా పనిచేశాను. ఏడాదికోసారి పొడిగించే ఉద్యోగం. ఆ పొడిగింపు మీద సంతకం పెట్టే ఆఫీసరు మాట కాదనడం నా వల్ల అయ్యేది కాదు.

యార్డులో మూటలు దించే హమాలీలు ఇరవై మంది. వాళ్ల మేస్త్రీకి అరవై దాటాయి. బెల్లం వచ్చే నాలుగు నెలల పని మీదే వాళ్ల ఇళ్లు ఏడాదంతా గడవాలి. ఆ ఏడు వ్యాపారులు ఇంకో ఇరవై మందికి హమాలీ కార్డులు ఇమ్మని అర్జీ పెట్టారు. కొత్తవాళ్లను చేర్చుకునే ముందు పాతవాళ్ల మాట వినాలని రూలు. అందుకని ఉదయం పదకొండు గంటలకు విచారణ అని నోటీసు అంటించాం.

విచారణకు ముందురోజే ఆఫీసరు నా చేత కొత్త కార్డులు ప్రింటు తీయించారు. విచారణ నివేదిక కూడా టైపు చేయించారు. ‘పాత కార్మికుల అభ్యంతరాలు సావధానంగా విన్నాము. అవి సహేతుకంగా లేవు.’

“వాళ్లింకా ఏమీ చెప్పలేదు కదా సార్?” అన్నాను.

“ఏం చెప్తారో తెలీదా అప్పా? రేపు మధ్యాహ్నానికి నేను తిరుపతిలో ఉండల్ల” అన్నారు.

ఆ సంగతి మేస్త్రీకి చెప్పే ధైర్యం నాకు లేకపోయింది. ఇరవై మందీ వచ్చి ఎదురుగా నిలబడితే ఆఫీసరు మనసు మారకపోతుందా అని ఒక పిచ్చి ఆశ మాత్రం ఉండింది. ఇప్పుడు తలుచుకుంటే నా మీద నాకే ఒళ్లు మండుతుంది.

మర్నాడు పదకొండవుతున్నా ఎవరూ రాలేదు. యార్డులోకి పరుగెత్తాను. ఒక లారీ సగం దిగి ఉంది.

“సగంలో వదిలి రాకూడదు నాయనా” అన్నాడు మేస్త్రీ, భుజం మీది మూట దించకుండానే. “తాడు విప్పినోళ్లే బండి ఖాళీ చేయల్ల. వదిలేసినామంటే మిగిలిండేది ఎవురెత్తితే బండి వాళ్లది, కూలంతా వాళ్లకే. మా నాయన కాలం నించీ ఇదే కట్టుబాటు.”

“సార్ వెళ్లిపోతారు మేస్త్రీ. మీరు రాకపోతే ఎవరూ రాలేదని రాసేస్తారు” అని బతిమాలాను. చెయ్యి పట్టుకుని లాగినంత పని చేశాను. ఆయన లారీ వైపు చూశాడు, గేటు దగ్గర టీ కొట్టు ముందు నిలబడ్డ కొత్తవాళ్ల వైపు చూశాడు. మూట దించి తనవాళ్లను కేకేశాడు.

ఆఫీసరు ఫోన్లో ఉన్నారని అరగంట వరండాలో నిలబడ్డాక, విచారణ ఐదు నిమిషాల్లో అయిపోయింది. “అందరినీ వద్దనం సార్. ఈ ఏటికి ఐదుగురిని తీసుకోండి. పని పెరిగితే మిగతావాళ్లని మేమే పిలుస్తాం. ఒక్కసారిగా ఇరవై మందంటే రోజు మార్చి రోజు పస్తుండల్ల” అన్నాడు మేస్త్రీ. అంతకంటే న్యాయమైన మాట ఆ గదిలో నేనెన్నడూ వినలేదు. ఆఫీసరు తలూపి, “సరే, విన్నాం, పోండి” అన్నారు. ముందురోజు టైపు చేసిన కాగితం నేనే ఆయన ముందు పెట్టాను. సంతకం పెట్టి కారెక్కారు.

మేస్త్రీ వెనకే నేనూ యార్డులోకి వెళ్లాను. లారీ ఖాళీ. ఎలాగూ కార్డులు వస్తున్నాయి కదా అని ఆ సరుకు వ్యాపారి గేటు దగ్గరివాళ్లను పిలిచి మిగిలిన మూటలు దించేయించాడట. వాళ్లూ వానల్లేని ఊళ్లనుంచి వచ్చినవాళ్లే. మేస్త్రీ జట్టులో ఒకతను వాళ్ల మీదికి దూకబోతే మేస్త్రీ చెయ్యి అడ్డం పెట్టాడు.

“వదిలింది మనం. బండి వాళ్లది” అన్నాడు.

తర్వాత నా వైపు తిరిగాడు. “మేం చెప్పింది రాసుకున్నారు గదా నాయనా?”

“రాసుకున్నారు మేస్త్రీ” అన్నాను.

“అది సాలు” అని తలగుడ్డ దులుపుకుని గోడ నీడన కూర్చున్నాడు.

నేను ఆఫీసులోకి వెళ్లి, సొరుగులోంచి కొత్త కార్డుల కట్ట తీశాను. వాటిని పంచడం కూడా నా పనే.