ఏడో వలయం అవతలి చుక్క

మా ఊరి బడిలో నేను చదివింది ఐదో తరగతి. ఆ చదువుతోనే పట్నం వచ్చి, అచ్చాఫీసులో ప్లేట్ల గదికి పెద్దనయ్యాను. ముప్ఫై నాలుగేళ్ళు చేశాను. పదకొండు మందికి పని నేర్పాను. నాలుగు సంపుటాల నిఘంటువు నా చేతుల మీదుగానే వెళ్ళింది. నేను సంతకం పెట్టిన ప్లేటులో తప్పు వచ్చిందన్న మాట ముప్ఫై ఏళ్ళపాటు ఎవరి నోటా రాలేదు. చెప్పుకోవడానికి నాకేం మొహమాటం లేదు. అయితే ఇప్పుడు రాస్తున్నది మా బావమరిది సంగతి.

వాణ్ణి అందరూ బొంగరం అనేవారు. అన్నం తింటూ రెండుసార్లు లేచేవాడు. బస్సు కోసం నిలబడలేక తరవాతి స్టాపు దాకా నడిచేవాడు, ఈలోగా బస్సు వెళ్ళిపోయేది. ఇరవై ఎనిమిదేళ్ళకే ఆరు కొలువులు మారాడు. "ఏమండీ, మీ దగ్గర పెట్టుకుని వాణ్ణి మనిషిని చెయ్యండి" అని మా ఆవిడ చెవినిల్లు కట్టుకుని పోరితే, టచింగు పనిలో పెట్టించాను. ఏడాది నిలబడితే ఖాయం చేస్తామన్నారు యజమాని.

టచింగంటే ఇది. అచ్చుకి ప్లేటు చెయ్యడానికి ముందు పేజీని ఫొటో తీస్తారు. ఆ నెగెటివ్ నల్లగా ఉంటుంది, అచ్చు కావలసిన గీతలూ అక్షరాలూ మాత్రం వెలుతురు పారేలా ఉంటాయి. ఫొటో తీసేటప్పుడు దుమ్ము పడితే ఆ చోట సూదిబెజ్జం మిగిలిపోతుంది. అలా వదిలేస్తే కాగితం మీద చుక్కయి కూర్చుంటుంది. అందుకని అడుగున దీపం ఉన్న అద్దం బల్ల మీద నెగెటివ్ పరిచి, బెజ్జాలన్నీ సన్నకుంచెతో ఎర్రరంగు పెట్టి మూయాలి.

"బొంగరాన్ని కూర్చోబెట్టే పనిలో పెట్టావేంటయ్యా, తాడు చుట్టి కట్టేశావా?" అని మెషిన్‌మాన్ వేళాకోళం చేశాడు. చిత్రమేమిటంటే, ఆ బల్ల ముందు మాత్రం వాడు కదిలేవాడు కాదు.

అయిదో నెలలో ఆ పటం వచ్చింది. టెలిఫోన్ ఆఫీసులో పనిచేసే ఒకావిడ ఏడు వలయాల లోకమని పెద్ద నవల భాగాలు భాగాలుగా రాస్తోంది. అందులో మూడో వలయంలో చుక్కలు ఒకదాన్నొకటి తిట్టుకుంటాయి, అయిదో వలయంలో చుక్కలకు పెళ్ళిళ్ళవుతాయి. ఏడో వలయం దాటితే ఏమీ లేదు, ఒట్టి చీకటి. పెద్ద నేరం చేసినవాళ్ళను అక్కడికి తోసేస్తారు, తిరిగొచ్చినవాళ్ళు లేరు. పుస్తకం మొదటి పేజీలో ఆవిడే గీసిన పటం, మూడు వందల పన్నెండు చుక్కలతో.

అక్కడే ఉంది చిక్కు. నెగెటివ్ మీద బెజ్జమూ మెరుస్తుంది, చుక్కా మెరుస్తుంది. అసలు బొమ్మ పక్కన పెట్టుకుని ఒక్కొక్కటే పోల్చి చూడాలి. బొంగరం రెండ్రోజులు కూర్చుని పూర్తి చేశాడు. నేను "సరిచూశాను" అని సంతకం పెట్టాను.

అయిదు నెలలు గడిచాక ఒక సోమవారం యజమాని ప్లేట్ల గదిలోకి వచ్చారు.

"ఏడో వలయం అవతల చుక్కేమిటని ఆ నవలావిడకి పాఠకుల నించి ఒకటే ఉత్తరాలటయ్యా. శుక్రవారం వస్తుందట, నెగెటివ్ చూడాలట. శనివారం రెండో ముద్రణకి ప్లేటు చెయ్యాలి, ఆలోగా తేల్చండి."

ఆయన వెళ్ళగానే బొంగరం నన్ను కాగితం బేళ్ళ వెనక్కి లాక్కుపోయాడు.

"బావా, అది చుక్క కాదు, బెజ్జం. గుండ్రంగా, ముద్దుగా ఉంటే చుక్కే అనుకున్నా. చివర్లో బొమ్మతో పోల్చలేదు."

"గట్టిగా అనకు. ఇంకో రెండు నెలల్లో ఖాయమవుతావు."

"చెప్పేస్తాను బావా, ఇప్పుడే వెళ్ళి."

"చెప్పు. ఉద్యోగం ఊడాక మీ అక్కకి కూడా నువ్వే చెప్పు."

నోరు కట్టేసుకున్నాడు గాని కాళ్ళు కట్టేసుకోలేకపోయాడు. మంగళవారం భోజనాల వేళ గోదాము చుట్టూ తొమ్మిదిసార్లు తిరిగాడు. బుధవారం కుంచెలు కడిగినవే కడిగాడు. నా సంగతీ అంతే. కుర్చీలో కూర్చుంటే మేకులున్నట్టుండేది. ఆ సంతకం పెట్టేనాడు నేనూ పోల్చి చూడలేదు మరి. ఆ మాట వాడికి చెప్పలేదు.

శుక్రవారం ఆవిడ వచ్చింది. పొట్టి మనిషి, చేతిలో గొడుగు.

"ఏం పర్లేదమ్మా, రెండో ముద్రణలో తీసేస్తాం" అన్నారు యజమాని.

"అయ్యో, తీసేస్తే నా కొంప మునుగుతుంది! చివరి భాగంలో పడవవాడి కూతుర్ని వెలివేస్తే ఆ చుక్కకే చేరుతుంది. నేనే గీసి మరిచిపోయానేమో, ఎలా ఉందో ఒకసారి చూపించండి."

బల్ల మీద నెగెటివ్ పరిచి దీపం వేశాను. ఏడు వలయాలూ వెలిగాయి. వాటి అవతల కటిక చీకటి.

ఆవిడ గొడుగు ఆనించుకుని స్టూలు మీద కూలబడింది. "ఏదండీ నా చుక్క?"

"నేనే మూసేశానమ్మా" అన్నాడు బొంగరం. "నిన్న మధ్యాహ్నం. అది చుక్క కాదు, దుమ్ము బెజ్జం. అప్పుడు మూయకపోవడం నా తప్పే."

"ఇప్పుడు నిన్ను మూయమన్నదెవరు?" యజమాని గొంతు లేచింది.

"ఎవరూ అన్లేదండీ. ఉండబట్టలేకపోయాను."

"రేపట్నించి రానక్కర్లేదు."

మా ఆవిడ మొహం కళ్ళ ముందు మెదిలింది. అంతకంటే ముందు, నిజం చెబుతున్నాను, నా ముప్ఫై ఏళ్ళు మెదిలాయి. "సంతకం నాదండీ. పోల్చి చూడకుండానే పెట్టాను" అన్నాను. బొంగరం నావైపు చూసిన చూపు ఇప్పటికీ గుర్తుంది.

రచయిత్రి మాత్రం మా గొడవ విననే లేదు. "దుమ్మా?" అంది మెల్లగా. "ఆ పిల్లని అక్కడికి పంపానుగాని, ఆ చుక్క ఎక్కడిదో రాయలేక నెల్రోజులుగా కొట్టుకుంటున్నాను. ఎవరూ గియ్యలేదన్నమాట. దానంతటదే వచ్చింది. బాబూ, ఆ రంగు తుడిస్తే మళ్ళీ వస్తుందా?"

బొంగరం అచ్చయిన పటం పక్కన పెట్టుకున్నాడు. రెండు వందల ఎర్రమచ్చల్లో దాని జాడ పట్టుకుని, తడిదూది పుల్లతో తుడిచాడు. ఊపిరి బిగబట్టి తుడిచాడు. వెలుతురు చిన్నగా పొడుచుకొచ్చింది.

"అదే, అదే!" అని ఆవిడ స్టూలు మీంచి లేచింది.

ఆవిడ అడ్డుపడబట్టి వాడి ఉద్యోగం నిలిచింది. కాని ఖాయం చెయ్యడం ఇంకో ఏడాది వెనక్కి నెట్టారు యజమాని. తప్పు వచ్చిన ప్లేట్ల పుస్తకంలో మొదటిసారి నా పేరు ఎక్కింది. నా ఘనతలు ఎవరడిగినా అదీ కలిపే చెబుతాను.

బొంగరం ఆ ఏడాది నిలబడ్డాడు, ఆ పైన పంతొమ్మిదేళ్ళు అదే బల్ల ముందు కూర్చున్నాడు. చివరి భాగం పుస్తకం మాత్రం గదిలో తిరుగుతూనే చదివాడు. మూడో ముద్రణకి ఆ పటం నెగెటివే మళ్ళీ బయటికి తీసినప్పుడు, నేను పక్కనే నిలబడి అసలు బొమ్మతో చుక్కచుక్కా పోల్చి చూడమన్నాను. ఏడో వలయం వెలుపలి చుక్క దగ్గర వాడి కుంచె ఆగింది.

"బొమ్మలో లేదు కదరా అది" అన్నాను, ఊరికే.

"అక్కడ లేదు బావా, ఇక్కడుంది" అని కుంచె నీళ్ళలో ముంచి పక్కన పెట్టేశాడు.