చావని వేషం

"బిడ్డా, మన బాబాయి పోయిండే. పండ్లు తోముకుంట తోముకుంటనే కూలవడ్డడు" అని పోయిన నెల అమ్మ ఫోన్ చేసింది. సినిమాల్లో ఎన్నోసార్లు చచ్చి, మర్నాడు డ్యూటీకి వెళ్లిన మనిషి. నాకు నమ్మబుద్ధి కాలేదు.

చిట్కుల్‌లో మా ఎదురిల్లు ఆయనది. చుట్టం కాదు, చిన్నప్పటి నుంచి అలవాటైన పిలుపు. తండ్రిది శ్రీకాకుళం, తల్లి బర్మా ఆవిడ. బర్మాలో ఉండనివ్వక వాళ్లు వచ్చేస్తే, శ్రీకాకుళం వైపు శరణార్థుల శిబిరంలో పుట్టాడు. మా ఊరి దగ్గర ఫ్యాక్టరీలో ఫిట్టర్‌గా చేస్తూ, సెలవు పెట్టి షూటింగులకు వెళ్లేవాడు. ఆ ముఖానికి సినిమావాళ్లు ఇచ్చిన వేషాలు రెండే: చైనా విలన్ పక్కన కత్తి పట్టుకున్నవాడు, లేదంటే గూర్ఖా. పేరుండదు. మాటేదైనా ఉంటే వేరేవాళ్లు వచ్చీరాని తెలుగులో డబ్బింగ్ చెప్పేవారు. బాబాయి నోరు విప్పితే అచ్చమైన సిక్కోలు యాస!

"మొకం మాయమ్మది, మాట మా నాన్నది. రెండూ ఒక మనిసివే అంటే ఆళ్లు నమ్మరమ్మా" అని నవ్వేవాడు.

నాకు పదేళ్లప్పుడు పటాన్‌చెరు టాకీసులో హీరో ఆయన్ని తన్నుతుంటే ఈల వేశాను. పక్కకు చూస్తే బాబాయి కూడా వేస్తున్నాడు. ఆ ఈల తలుచుకుంటే ఇప్పుడు సిగ్గేస్తుంది.

పిన్ని ఒక్క సినిమా చూడలేదు. మొగుడు చావడం ఏ ఆడది చూస్తుందని ఆవిడ కోపం. షూటింగ్‌లో చచ్చి వచ్చిన రోజు ఆయన్ని గుమ్మం బయటే ఆపి, బకెట్ నీళ్లు పెట్టేది. కాటి నుంచి వచ్చినవాళ్లలా తలస్నానం చేశాకే లోపలికి రానిచ్చేది. చలికి వణుకుతూ పోసుకుంటుంటే "బాబాయ్, ఇయ్యాల కత్తా, తుపాకా?" అని మేము గోడ మీద నుంచి అరిచేవాళ్లం.

రిటైరయ్యాక ఓ కుర్ర డైరెక్టర్ వచ్చాడు. కొల్లూరు కాలనీలో తీసే చిన్న సినిమా. వేషానికి సింహాచలం అని పేరు, గొంతు బాబాయిదే. ఆ సాయంత్రం గేటు దగ్గర నుంచే కేకేశాడు: "ఏమే, ఈపాలి బకెట్ ఎట్టకు. నాను సావను. నిన్ను తీసుకెల్లి సూపిస్తాను!"

డబ్బింగ్ కూడా చెప్పి వచ్చాడు. విడుదలకు మూడు వారాల ముందు పోయాడు. సాగనంపి వచ్చి మేమంతా ఆ గుమ్మం బయటే, ఆ బకెట్‌తోనే స్నానాలు చేశాం. నా ఏడుపు ఆగలేదు.

మొన్న శుక్రవారం పిన్నిని నేనే సినిమాకు తీసుకెళ్లాను. మొదట రానంది. నెల కూడా కాలేదని చుట్టాలు గొణిగారు. "మాటిచ్చిండు గద పిన్నీ, ఆయన బదులు నేను తీస్కపోత" అన్నాను.

చీకట్లో నా చెయ్యి గట్టిగా పట్టుకుంది. తెర మీద ఎవరు గొంతు పెంచినా "సంపేస్తారేటి?" అని అడిగింది. ఎవరూ చంపలేదు. చివర్లో బాబాయి గుమ్మంలో చెప్పులు విప్పి నేరుగా లోపలికి వచ్చాడు. "ఆకలేస్తంది, అన్నం ఎట్టు" అన్నాడు, తన గొంతుతోనే.

పిన్ని నా చెయ్యి వదిలేసి సీట్లోంచి లేచింది.

"కూకోండి, ఒడ్డిస్తన్నాను" అంది.

వెనక వరసలో ఎవరూ కూర్చోమనలేదు. లైట్లు వెలిగేదాకా అలాగే నిలబడి ఉంది.