చిటికెనవేలితో నొక్కింది

మరైగూడ సంతలో ఫోన్లు బాగుచేసే ఇర్మా చేతికి దేవే తన బటన్ ఫోను ఇచ్చింది గానీ, దాని తాడు తన వేలికే చుట్టుకుని ఉంచుకుంది. ఇద్దరూ ఒకే ఫోనుకు కట్టేసినట్టు కూర్చున్నారు.

చనిపోయిన తల్లి పాడిన పెళ్లిపాటలు అందులో ఉన్నాయి. వచ్చే వారం మేనకోడలి పెళ్లి. పందిరి పాట దేవేయే ఎత్తుకోవాలి, ఆమెకేమో మధ్య చరణాలు గుర్తులేవు. మొన్న మనవరాలు ఏదో నొక్కితే పాటలు వినిపించే యాప్ పోయింది.

ఇర్మా తన దగ్గరున్న యాప్ ఎక్కించబోయాడు. ఫోను ఒప్పుకోలేదు.

"దీని సంతకానికి గడువు అయిపోయిందంటున్నదక్కా."

దేవే తాడు ఇంకో చుట్టు బిగించింది. "పాటకు సంతకమేంది?"

"పాటకు కాదు, యాప్‌కు. చేసినోళ్ల సంతకం చెల్లితేనే ఫోను లోపలికి రానిస్తది."

"నాకు సంతకం రాదు. ఇగ అంగూఠా అడుగుతవా?"

ఆమె తండ్రి ఒకప్పుడు దుప్పట్లు పంచుతున్నారంటే వెళ్లి తెల్లకాగితం మీద బొటనవేలి ముద్ర వేశాడు. దుప్పటి వచ్చింది. ఆ ఏడు వాళ్ల చెలకను ఇంకెవరో దున్నారు. అప్పటి నుంచి దేవే రేషన్ మిషన్ దగ్గర కూడా కోడలినే ముందుకు తోస్తుంది.

"నీ అంగూఠా నాకెందుకు, పచ్చడి పెట్టుకోనా?" అంటూ ఇర్మా ఫోనులో తారీఖు వెనక్కి జరపసాగాడు. చదువు రాకపోయినా సంతలో అంకెలు నేర్చిన దేవే కళ్లు అక్కడే ఉన్నాయి.

"పాత తారీఖు ఏస్తున్నవేంది? దొంగ కాగితాల మీద గట్లనే ఏస్తరు."

"ఆ తారీఖుకు ఈ సంతకం చెల్లుతుండె. ఇయ్యాల ఏ రోజో ఫోనుకు మనం చెప్పిందే గదా."

"అంటే మోసం."

"ఫోన్‌నే గదక్కా."

ఫోన్‌ని ఇంత సులువుగా నమ్మించినవాడు తనను నమ్మించలేడా అనుకుంది దేవే. ఇంతలో ఎక్కించాలా అని ఫోను అడిగింది. ఆమె అనుమానం చూసి ఇర్మా ఫోను ఆమె వైపు జరిపాడు. "నీ ఫోను. నువ్వే నొక్కు."

అంతా తాను నొక్కి, చివరిది నన్ను నొక్కమంటాడేంది? దేవే బొటనవేలు పిడికిట్లో దాచుకుని, చిటికెనవేలి గోటితో నొక్కింది.

"గదేంది?"

"దీని ముద్ర ఎవ్వరికీ చెల్లదు."

యాప్ ఎక్కింది. ఇర్మా పాట పెడితే ముందు తల్లి దగ్గు వినిపించింది. తర్వాత పాట. రెండు చరణాలు కాగానే దేవే ఆపించింది.

"ఇయ్యాల్టి తారీఖు పెట్టు. నేను చూస్తుండంగనే."

పెట్టాడు. పాట మళ్లీ మొదలైంది, ఎటూ పోలేదు. మూడో చరణం దగ్గర దేవే గొంతు కలిపింది. పిడికిలి మాత్రం విప్పలేదు.