నాన్న పేరుకు పలికిన గొంతు

మా చిన్నప్పుడు ఒకాయన మా వాకిట్లో గొంతుక్కూర్చుని, నా రెండు భుజాలూ పట్టుకుని మాట ఇచ్చాడు... "మీ నాన్నని నా చేత్తో తీసుకొచ్చి నీకు అప్పజెప్తాన్రా. ఏడవకు."

నాకు తొమ్మిదేళ్లు. నాన్న వడ్రంగి. మాట ఇచ్చినాయన నాన్న స్నేహితుడు, రైసుమిల్లులో పని. బాబాయి అనేవాణ్ణి. ఇద్దరూ రిజర్వు పటాలంలో ఉండేవారు. అంటే ఏడాదికి రెండు నెలలు క్యాంపులో సిపాయిలు, మిగతా పది నెలలు ఊళ్లో మామూలు మనుషులు. యుద్ధం వస్తే మాత్రం పిలుపు వచ్చేది.

నాన్న బూట్లు, ఖాకీ బట్టలు పెట్టిన ట్రంకుపెట్టె భోషాణం పక్కన ఉండేది... నేను దాన్ని ముట్టుకునేవాణ్ణి కాదు. అది కదిలితే నాన్న వెళ్లిపోతాడని భయం.

ఆ ఏడు కదిలింది.

ఆ పటాలంలో ఒక అలవాటు ఉండేది. క్యాంపు రోజుల్లో ఎవరైనా నాట్లకో, బిడ్డ బాప్తిస్మానికో ఊరికి జారుకుంటే, సాయంత్రం హాజరు పిలిచేటప్పుడు పక్కవాడు గొంతు మార్చి ఆ పేరుకు కూడా "హాజర్" అనేవాడు. నాన్న ఇంటికొచ్చి ఆ దొంగ గొంతులన్నీ వినిపిస్తే అమ్మా నేనూ పడిపడి నవ్వేవాళ్లం...

నలభై రోజులకు బాబాయి ఒక్కడే వచ్చాడు. నేను భోషాణం వెనక్కి దూరాను.

"వంతెన కాపలా నుంచి రెండు లారీల్లో తిరిగొచ్చాం వదినా. అన్న వెనక లారీలో ఉన్నాడనుకున్నాను. హాజరు వేళకు వరసలోకి రాలేదు. శిక్ష వేస్తారేమోనని, పేరు పిలవగానే నేనే పలికేశాను."

"వెనక లారీలో లేరా?"

"వంతెన కింద పడి ఉన్నాడు. కాలు విరిగి లేవలేకపోయాడు. తెల్లారి వెళ్లేసరికి చలికి..."

"సాయంత్రం వెతకడానికి వెలుతురు లేదా?"

"ఉంది వదినా. లెక్క సరిపోయిందని ఎవరూ వెళ్లలేదు."

అమ్మ అంది, "ఈ మాట మీ ఆఫీసరుకు చెప్పు."

"చెప్తాను."

మనిషి లేకపోయినా పేరు పలుకుతుందని నాకు ఆ రోజు తెలిసింది. బడిలో రాని పిల్లాడి పేరుకు పక్కవాడు పలికితే, పంతులుగారు కొట్టినా సరే, లేచి "వాడు రాలేదండీ" అనేవాణ్ణి. చాడీలోడని పేరొచ్చింది.

ఒమాన్ వచ్చి అల్ అమెరాత్‌లో భవనాలు కట్టే సైట్‌లో, కూలీల హాజరు వేసే టైమ్‌కీపర్‌గా చేరాక కూడా అంతే. ప్రతి మొహం చూశాకే బస్సు కదలనిచ్చేవాణ్ణి.

"ఏంది సార్, పిల్లను జూడొచ్చినట్టు ఒక్కొక్కని మొకం జూస్తున్నవ్? ఆకలైతుంది," అనేవాడు ఒక కరీంనగర్ మేస్త్రి.

"నీ మొహానికి సంబంధం కుదరదులే, ఎక్కు," అనేవాణ్ణి. తర్వాతి మొహం చూసేవాణ్ణి.

ఆ పటాలం చరిత్ర ఎవరో పుస్తకంగా రాశారు. పోయిన నెల, ఇక్కడే బౌషర్‌లో మా అమ్మాయి ఇంట్లో, ఫోనులో చదివాను. యుద్ధ చరిత్రలు చాలా చదివినవాణ్ణి. వాటిలో సేనాపతుల ఎత్తుగడలు ఉంటాయి, హాజరుపట్టీలు ఉండవు. ఇందులో నాన్నకు దక్కింది ఒక్క వాక్యం... పొగమంచు వల్ల గాలింపు ఆలస్యమైందట. అలా చెప్పిన సాక్షి ఫొటో కూడా వేశారు. ఎనభై దాటినా పోల్చుకున్నాను.

ఇప్పుడు సైట్‌లో మిషన్‌కి మొహం చూపిస్తేనే హాజరు. ఒకరి పేరుకు ఒకరు పలికే రోజులు పోయాయి. అయినా మా అమ్మాయి హాస్పిటల్ డ్యూటీ దిగి "బయల్దేరాను నాన్నా" అని ఫోన్ చేస్తే నాకు చాలదు... గుమ్మంలో మనిషిని చూసేదాకా తలుపు దగ్గరే నిలబడతాను.

మీ ఇళ్లలోనూ రిజర్వు సిపాయిలు ఉండేవారా? కింద రాయండి, చదువుతాను. ఆ సాక్షి కూడా ఈ గ్రూపులోనే ఉన్నాడు. అన్నీ చదువుతాడు, ఒక్కదానికీ జవాబివ్వడు.

మా నాన్నని పొగమంచు చంపిందంటే నేను ఒప్పుకోను. నువ్వే, సత్యానందం బాబాయీ.