తూము గోడ మీద తువ్వాలు

కాలువలూ కరెంటు స్తంభాలూ మన రోజువారీ బతుకులో ఎలా కలిసిపోయాయో చూపించే డాక్యుమెంటరీలు తీస్తుంటాను. వాటిలో కథ ఉండదు, మాటలుండవు. పోయిన ఏడాది ఒక మంగళవారం, భట్టిప్రోలు దాటాక ఒక పంటకాలువ తూము ఎదురుగా కెమెరా నిలబెట్టి కూర్చున్నాను. తూము తలుపు ఎత్తి ఉంది. నీళ్ళు జోరుగా పక్కనే ఉన్న ఊరి పొలాల్లోకి పోతున్నాయి.

గట్టు మీద పోతున్న ఒక పెద్దాయన సైకిల్ దిగాడు.

“ఏంటమ్మా తీస్తున్నావు?”

“నీళ్ళు పారడం, బాబాయ్ గారూ.”

“పారే నీళ్ళు ఎవరు చూస్తారమ్మా? దిగువ ఊరోళ్ళు పంపారా నిన్ను?”

“అయ్యో, లేదండి. ఎవరూ పంపలేదు.”

నమ్మలేదు. అయినా ఆ పక్క ఊళ్ళోనే ఉన్న తన ఇంటికెళ్ళి స్టీలు గ్లాసులో టీ తెచ్చిచ్చాడు. భుజం మీది ఎర్ర తువ్వాలు కాలువలో తడిపి, తూము గోడ మీద ఆరేసి, నా పక్కనే కూర్చున్నాడు. తువ్వాలు జారినప్పుడల్లా లేచి సర్దాడు. బూడిదరంగు గోడ మీద ఆ ఎరుపు ఎంత బాగుందో అని నేను మురిసిపోయాను.

నేను ఇంటికొచ్చి తీసింది చూసుకుంటుంటే ఒకచోట గాలికి తువ్వాలు లేచింది. దాని కింద ఏ ఊరికి ఏ రోజు నీళ్ళో పెయింటుతో రాసి ఉంది. మంగళవారం వంతు దిగువ ఊరిది.

సినిమా పూర్తయింది. తువ్వాలు లేచిన ఆ నాలుగు సెకన్లు మాత్రం కోసేశాను. పారే నీళ్ళు ఎవరు చూస్తారని ఆయన అన్నాడు కానీ, ఎవరు చూస్తారో ఎవరికి తెలుసు?