ఎదురింటి అక్క చేతి దీపం

ఎదురింటి అక్క పోయింది. కొన్నాళ్ళుగా మంచాన ఉంది. పోయిన నెల ఓ పొద్దున్నే బావగారు మా తలుపు కొట్టి, "నిద్రలోనే వెళ్ళిపోయిందమ్మా" అన్నారు. ఏడ్చాను. ఏడుస్తూనే, మధ్యాహ్నానికి మా మయూర్ విహార్ సొసైటీ మెట్ల దాకా నిండిన జనాన్ని చూసి కుళ్ళుకున్నాను కూడా. నేను పోతే ఇందులో సగం మందైనా వస్తారా?

మా ఇద్దరిదీ కాంతి వైద్యమే. ఢిల్లీలో గల్లీకో కాంతి వైద్యశాల ఉంది కదా, మావి ఎదురెదురు ఫ్లాట్లలో. ఒకే గురువు దగ్గర నేర్చుకున్నాం. ఏ నొప్పికి ఏ రంగు వెలుగు, ఎంత ఫ్రీక్వెన్సీలో పడాలి, చార్టు మొత్తం నాకు కంఠతా. అక్కకు సగం కూడా రాదు. అయినా నోయిడా నుంచి మెట్రోలో వచ్చినవాళ్ళు నా బెల్లు కొట్టి, "సామ్‌నేవాలీ దీదీ హై క్యా?" అని ఎదురింటి అక్క కోసం అడిగేవాళ్ళు. ఒళ్ళు మండేది.

అక్క దీపం రంగు మార్చే నాబ్‌ని రోగి చేతికే ఇచ్చేసేది. "నువ్వే తిప్పు నాయనా, హాయిగా ఉన్నచోట ఆపు. నొప్పి నీదా, చార్టుదా?" అనేది. గురువుగారు తిట్టినా వినలేదు. "ఇది వైద్యమా అక్కా, టీవీ రిమోటా?" అని నేను దెప్పితే పకపకా నవ్వి, "నువ్వూ ఓసారి తిప్పుకో, కోపం తగ్గుద్ది" అంటూ పెసరట్టు చేతిలో పెట్టేది. ఆ పెసరట్టు కూడా నాకంటే బాగా వేసేది, ఏం చెప్పను! నా దగ్గరికెవరూ రాని రోజుల్లో తన రోగుల్ని ఇటు పంపేది. దానికీ కుళ్ళుకున్నాను.

అన్నిటికన్నా ఎక్కువ కాలింది మా అమ్మ దగ్గర. నా ఇంట్లో తిని, నా ఇంట్లో పడుకుని, మోకాళ్ళ నొప్పికి మాత్రం అక్క దగ్గరికి వెళ్ళేది. "కడుపున పుట్టినదాన్ని, నా దీపం పనికిరాదా?" అంటే, "నీ ముందు కూర్చుంటే పరీక్ష రాస్తున్నట్టుంటుందే" అనేది. అమ్మ ఒక్కసారి నా దీపం ముందు కూర్చుంటే చాలనుకున్నాను, ఇన్నేళ్ళూ.

నిన్న కూర్చుంది. తనే వచ్చి, చీర మోకాలి పైకి జరుపుకుని, "పెట్టు" అంది. ఆకుపచ్చ వెలుగు పెట్టాను.

"ఏంటమ్మా, ఇన్నాళ్ళకి?"

"అది పోయేముందు నాచేత ఒట్టేయించుకుందే. 'నేను లేకపోతే చెల్లి దగ్గరే కూర్చో పిన్నీ, దానికి నాకంటే బాగా వచ్చు' అంది."

మా అమ్మను కూడా నాకు అక్కే ఇచ్చిపోయింది. ఆ ఒక్కటైనా నన్ను సంపాదించుకోనివ్వకూడదా?

అమ్మ కళ్ళు మూసుకుంది. ఆకుపచ్చ వెలుగులో చెంపల మీద నీళ్ళు మెరుస్తున్నాయి. అవి నా దీపానికి వచ్చినవి కావు.